టోఫు బార్‌లో టోఫు చేసే అసలు పని

ఈమధ్య మా ఇంటి వాట్సాప్ గ్రూప్‌లో మా తమ్ముడు ఒక రెసిపీ వీడియో పెట్టాడు. 200 గ్రాముల టోఫు (సోయా పాలని విరిచి చేసే పనీర్ లాంటిది) ప్యాకెట్ ఒకటి, కప్పు ఓట్స్, రెండు పెద్ద చెంచాల పీనట్ బటర్, కాస్త కోకో, తేనె, అన్నీ మిక్సీలో తిప్పి ట్రేలో పరిచి ఫ్రిజ్‌లో పెట్టేసి ఎనిమిది ముక్కలు కోసుకోవడమే, స్టవ్ వెలిగించే పనే లేదు. కింద పెద్ద అక్షరాలతో "ఒక్కో బార్‌లో 20 గ్రాముల ప్రొటీన్" అని ఉంది. వాడు జిమ్‌కి వెళ్తాడు, అమ్మకేమో షుగర్ బోర్డర్‌లో ఉందని డాక్టరు చెప్పారు, అందుకని "అక్కా, ఇది నాకూ అమ్మకీ ఇద్దరికీ పనికొస్తుంది కదా" అన్నాడు. ఆలోచన నాకూ నచ్చింది. కానీ ఆ 20 దగ్గర నేను ముందుకి పోలేకపోయాను.

లెక్క వేసి చూడండి. మాకు దొరికే టోఫు ప్యాకెట్ వెనక 100 గ్రాములకి 14 గ్రాముల ప్రొటీన్ అని ఉంటుంది, అంటే ప్యాకెట్ మొత్తానికి 28. కప్పు ఓట్స్ 90 గ్రాములు అనుకుంటే 12. పీనట్ బటర్‌లో 8. తేనెలో ఏమీ లేదు, కోకో వేసేది కొంచెం కాబట్టి వదిలేద్దాం. మొత్తం 48, దాన్ని ఎనిమిది ముక్కలకి పంచితే ఒక్కోదానికి 6 గ్రాములు. 20 రావాలంటే ట్రేలో 160 గ్రాముల ప్రొటీన్ ఉండాలి. పోనీ రెండు స్కూపుల వే పౌడర్ (పాల నుంచి తీసే ప్రొటీన్ పొడి) కూడా వేశారే అనుకుందాం, ఇంకో 48 కలుస్తుంది, అప్పుడు కూడా 12 దగ్గరే ఆగుతుంది. మరి ఆ 20 ఎక్కడి నుంచి వచ్చింది? ఇలాంటి అంకెలు నమ్మి పెద్దవాళ్ళకి, షుగర్ ఉన్నవాళ్ళకి రోజూ చేసి పెట్టేవాళ్ళు ఉంటారు, నాకు బాధ అక్కడే.

అయితే ఈ లెక్క చూసి టోఫు బార్ దండగ అని నేను అనను. ఇంట్లో చాలా రకాలుగా చేసి చూశాక నాకు గట్టిగా కుదిరిన అభిప్రాయం ఏంటంటే, బార్‌లో టోఫు వేసేది ప్రొటీన్ కోసం అనుకున్నంతకాలం అది మనల్ని నిరాశపరుస్తూనే ఉంటుంది, ఎందుకంటే దాంట్లో ముప్పాతిక వంతు నీళ్ళే. 100 గ్రాముల పల్లీల్లో 25 గ్రాములు, పుట్నాల పప్పులో 20 గ్రాములు ప్రొటీన్ ఉండగా 14 ఉన్న టోఫు వాటిని దాటి చేసేదేం లేదు. టోఫు చేసే పని వేరే ఉంది. అది పాకం అవసరాన్ని తగ్గిస్తుంది.

ముక్క విడిపోకుండా పట్టి ఉంచేది ఏది

మన పల్లీ చిక్కీని పట్టి ఉంచేది బెల్లం పాకం. నువ్వుల ఉండకీ అదే. సున్నుండలకి బెల్లంతో పాటు నెయ్యి. షాపులో కొనే బార్ల వెనక తిప్పి చూడండి, ఖర్జూరం పేస్టో, గ్లూకోజ్ సిరపో, తేనో, షుగర్ ఫ్రీ అని రాసుంటే చక్కెర బదులు వేసే మాల్టిటాలో కనిపిస్తుంది. మన దగ్గర లేబుల్ మీద పదార్థాలు ఎక్కువ బరువు ఉన్నదాని నుంచి తక్కువ బరువు ఉన్నదానికి వరుసగా రాయాలని రూల్ ఉంది కాబట్టి, ఆ సిరప్ ఎన్నో పేరుగా వచ్చిందో చూస్తే చాలు బార్ ఏంటో తెలిసిపోతుంది. అంటే తీపో కొవ్వో లేకుండా గింజలు ఒకదానికొకటి అతుక్కోవు. చిక్కీలో బెల్లం సగానికి తగ్గిస్తే పలుకులు రాలిపోతాయి, అది ఇక చిక్కీ కాదు.

నీళ్ళు వార్చిన టోఫుని మెత్తగా రుబ్బితే వెన్నలాంటి పేస్టు వస్తుంది. దాంట్లో ఓట్స్ పొడి, పుట్నాల పిండి కలిపి పావుగంట పక్కన పెడితే అవి ఆ తడిని పీల్చుకుని ఉబ్బుతాయి, వేడి తగలగానే మొత్తం చిక్కబడి ముక్కగా నిలబడుతుంది. పాకం చేసే పనిని ఇక్కడ టోఫు తడి, పిండి కలిసి చేస్తున్నాయి. తీపి ఇక అతికించడానికి అక్కర్లేదు, నాలుకకి ఎంత కావాలో అంతే వేసుకోవచ్చు. నాకు తెలిసి ఇంట్లో చేసుకునే బార్‌కి ఇంతకన్నా పెద్ద లాభం లేదు.

నేను వేసే కొలతలు ఇవి: 200 గ్రాముల గట్టి టోఫు, వేయించి పొట్టు తీసి కచ్చాపచ్చాగా కొట్టిన పల్లీలు 100 గ్రాములు, పుట్నాల పిండి 100, ఓట్స్ 50, దోరగా వేయించిన నువ్వులు 30, గింజ తీసిన ఖర్జూరాలు 80, యాలకులు, శొంఠి పొడి, చిటికెడు ఉప్పు. టోఫుని పల్చని గుడ్డలో చుట్టి పైన రోలో బరువైన గిన్నో పెట్టి అరగంట వదిలేయాలి, ఈ పని ఎగ్గొడితే ముక్క మధ్యలో ఎప్పటికీ పచ్చిగానే ఉంటుంది. రుబ్బేటప్పుడు నీళ్ళు చుక్క కూడా పోయొద్దు, ఖర్జూరాల తడి చాలు. ఓవెన్ ఉంటే 170 డిగ్రీల్లో అరగంట, లేకపోతే మందపాటి కడాయిలో అడుగున ఉప్పు పోసి స్టాండ్ మీద గిన్నె పెట్టి మూత పెట్టి సన్నసెగ మీద ఇంకాస్త ఎక్కువసేపు. పది ముక్కలొస్తాయి. శొంఠి తప్పకుండా వెయ్యండి, సోయాకి ఉండే పచ్చి వాసనని యాలకులు ఒక్కటే ఆపలేవు.

మొత్తంలో ప్రొటీన్ 86 గ్రాముల దాకా ఉంటుంది, ముక్కకి ఎనిమిదిన్నర. అందులో టోఫుది మూడో వంతు, మిగతాది ఎక్కువగా పల్లీలూ పుట్నాలదే. కేలరీలు ముక్కకి 180. ఖర్జూరాల నుంచి వచ్చే చక్కెర ముక్కకి 5 గ్రాములు. సమానంగా పల్లీలు, బెల్లం వేసి చేసిన 40 గ్రాముల చిక్కీ ముక్క తీసుకోండి, ప్రొటీన్ 5 గ్రాములు, చక్కెర 17, 18 గ్రాములు. ప్రొటీన్‌లో తేడా మూడున్నర గ్రాములే, అది పెద్ద విషయం కాదు. చక్కెరలో తేడా చూడండి.

ఇంకో సంగతి. మన దేశంలో ఘనపదార్థం మీద "హై ప్రొటీన్" అని రాయాలంటే 100 గ్రాములకి రోజువారీ సిఫార్సులో 20 శాతం ప్రొటీన్ ఉంటే సరిపోతుంది, 54 గ్రాముల సిఫార్సు మీద అది 11 కన్నా కొంచెం తక్కువే. ఆ లెక్కన ఇందాక చెప్పిన పల్లీ చిక్కీ కూడా హై ప్రొటీనే, 100 గ్రాములకి పన్నెండున్నర వస్తుంది. అంటే ఆ మాట ఉన్నంత మాత్రాన షుగర్ ఉన్నవాళ్ళు తినొచ్చని అర్థం రాదు. ఈ ఒక్క విషయం మన ఇళ్ళల్లో అందరికీ తెలిస్తే బాగుండు.

అమ్మ అడిగింది

మొదటిసారి టోఫు తెచ్చినప్పుడు అమ్మ "పప్పు తింటున్నాం, పెరుగు తింటున్నాం, ఇంకా ఇదెందుకే?" అంది. ఆ ప్రశ్నని నేను తేలిగ్గా తీసుకోలేదు. ఎందుకంటే సగం వరకు అమ్మ చెప్పింది నిజం.

హైదరాబాద్ తార్నాకలో ఉన్న జాతీయ పోషకాహార సంస్థ, అదే ఎన్ఐఎన్, పెద్దవాళ్ళకి కిలో బరువుకి రోజుకి 0.83 గ్రాముల ప్రొటీన్ సిఫార్సు చేస్తుంది. అమ్మ 62 కిలోలు, అంటే 51 గ్రాములు. ఆవిడ తినేది పక్కన కూర్చుని రాశాను. పొద్దున మూడు ఇడ్లీలకి 6 గ్రాములు, మధ్యాహ్నం అన్నం, గరిటెడు పప్పు, కూర, పెరుగు అన్నీ కలిపి 18, సాయంత్రం టీ, రెండు బిస్కెట్లు 3, రాత్రి రెండు పుల్కాలు, కూర, మజ్జిగ 11. ఎలా కూడినా 40 దాటడం కష్టం. పది, పన్నెండు గ్రాముల లోటు. అదేమంత భయపడాల్సింది కాదు, ఇంకో రెండు గరిటెల పప్పు తింటే తీరిపోతుంది. గుడ్లు తినేవాళ్ళకైతే రెండు గుడ్లతో 12 గ్రాములు వచ్చేస్తాయి, వాళ్ళకి ఈ బార్ తతంగం అక్కర్లేదని నేను నిజంగానే చెప్తాను. 50 గ్రాముల పెసలతో వేసిన పెసరట్టులో కూడా 12 ఉంటుంది.

కానీ అమ్మ ఇంకో రెండు గరిటెల పప్పు తినదు. వయసు పెరిగేకొద్దీ ఒక పూటలో తినగలిగింది తగ్గిపోతుంది, ఇది ఆవిడ ఒక్కదాని సంగతే కాదు, మా అత్తయ్య వాళ్ళింట్లోనూ అదే చూశాను. ఆకలి వేసేది సాయంత్రం అయిదింటికి, ఆ టైమ్‌లో చెయ్యి పోయేది బిస్కెట్ల డబ్బా మీదకి. మైదా, చక్కెర, నూనె. రోజు మొత్తంలో మనం ఏదైనా మార్చగలిగితే ఆ అయిదింటి పూటనే మార్చాలని నా నమ్మకం, అన్నం పప్పు జోలికి పోకుండా. ఒక ముక్క ఎనిమిదిన్నర గ్రాములు ఇస్తుంది, బిస్కెట్లని తప్పిస్తుంది.

పైగా ఈ కలయికలో ఇంకో మంచి ఉంది. ప్రొటీన్ తయారయ్యేది అమైనో యాసిడ్లతో, పల్లీల్లో, నువ్వుల్లో వాటిలో ఒకటైన లైసిన్ తక్కువ, సోయాలో అది దండిగా ఉంటుంది. సోయాలో కాస్త తక్కువయ్యే మిథియోనిన్ అనే ఇంకో అమైనో యాసిడ్ నువ్వుల్లో బాగా ఉంటుంది. రోజంతా రకరకాలుగా తినేవాళ్ళకి ఒక్క ముక్కలోనే అన్నీ ఉండాల్సిన పని లేదు గానీ తక్కువ తినే పెద్దవాళ్ళకి ఇలాంటి జత మంచిదే.

మా తమ్ముడి విషయం వేరు. బరువులు ఎత్తేవాడికి ఇంకా ఎక్కువ కావాలన్నది నిజమే, అయినా అది రెండు బార్లతో తీరేది కాదు, 50 గ్రాముల మీల్ మేకర్ కూరలో వేసుకుంటే 25 గ్రాములు వస్తాయని వాడికి చెప్పాను. 2024లో ఎన్ఐఎన్ ఇచ్చిన ఆహార మార్గదర్శకాల్లో కూడా కండ కోసం ప్రొటీన్ సప్లిమెంట్లు వద్దనే చెప్పారు. వాడు పూర్తిగా ఒప్పుకోలేదు.

సోయా అనగానే మగవాళ్ళకి మంచిది కాదట అనే మాట ఇంట్లో ఎవరో ఒకరు అంటారు. మామూలుగా ఆహారంలో తినే సోయా వల్ల మగవాళ్ళ హార్మోన్ టెస్టోస్టిరాన్ తగ్గదని మనుషుల మీద చేసిన పరిశోధనలన్నీ కలిపి చూసినప్పుడు తేలింది. థైరాయిడ్ మాత్ర విషయం మాత్రం పట్టించుకోవాల్సిందే, థైరాక్సిన్ మాత్ర ఒంటికి పట్టడాన్ని సోయా అడ్డుకుంటుంది. అమ్మ ఆ మాత్ర పొద్దున్నే పరగడుపున వేసుకుంటుంది, బార్ సాయంత్రం టీతో, మధ్యలో బోలెడు గంటలు ఉన్నాయి. మాత్ర వేసుకునేవాళ్ళు మీ డాక్టర్‌ని ఒక మాట అడగండి. సోయా పడనివాళ్ళు, పల్లీలు పడనివాళ్ళు దీని జోలికి రావద్దు. ఇంకొకటి, ప్రొటీన్ పెంచుతామని కొన్ని వీడియోల్లో వేయించని సోయా పిండిని నేరుగా కలిపేస్తున్నారు, అది వద్దు. పచ్చి సోయాలో అరుగుదలని ఆపే పదార్థాలుంటాయి, బాగా ఉడికితేనో వేగితేనో పోతాయి.

బ్యాగ్‌లో వేసుకుని తిరిగేది కాదు

బార్ అనగానే జేబులోనో బ్యాగ్‌లోనో పెట్టుకుని ఎక్కడైనా తినేది అనే ఊహ ఉంటుంది. టోఫు బార్‌కి అది సరిపడదు, దీన్ని వీడియోల్లో ఎవరూ చెప్పట్లేదు. మా తమ్ముడు ఆ ఫ్రిజ్ రెసిపీ చేసుకుని పొద్దున ఆఫీసుకి తీసుకెళ్ళి సాయంత్రం జిమ్ అయ్యాక డబ్బా తీస్తే పుల్లటి వాసన వచ్చిందట, పారేశాడు. వేసవి, హైదరాబాద్, బైక్ మీద బ్యాగ్. అలా కాకపోతే ఆశ్చర్యం. చిక్కీ వారాల తరబడి నిలవుండేది పాకంలో తడి దాదాపు లేకపోవడం వల్ల. టోఫులో తడీ ప్రొటీనూ రెండూ ఉన్నాయి, బ్యాక్టీరియాకి కావాల్సింది అదే. బేక్ చేస్తే తడి కొంత పోతుంది గానీ పూర్తిగా పోదు, అంతా పోయేదాకా కాలిస్తే అది రస్క్ అవుతుంది.

కాబట్టి బేక్ చేసిందైనా ఫ్రిజ్‌లో నాలుగు రోజులు, అంతకు మించి కావాలంటే విడివిడిగా కాగితం చుట్టి ఫ్రీజర్‌లో. తినేముందు పెనం మీద రెండు వైపులా కాలిస్తే పైన కరకరలాడుతుంది. రైలు ప్రయాణానికి మాత్రం నేను ఇప్పటికీ చిక్కీలే పెట్టుకుంటాను, అక్కడ బెల్లానికి సాటి లేదు.

ఖరీదు మాటేంటి

మా దగ్గర 200 గ్రాముల టోఫు ప్యాకెట్ వంద రూపాయలకి అటూ ఇటూ. 28 గ్రాముల ప్రొటీన్‌కి అంత పెట్టడం నాకు మనసొప్పదు, అదే డబ్బుతో అరకిలో పల్లీలు వస్తాయి. ఈ అభ్యంతరం చాలా బలమైనది, పక్కన పెట్టేసేది కాదు. 2024-25లో సోయాబీన్‌కి కేంద్రం ప్రకటించిన మద్దతు ధర క్వింటాల్‌కి 4,892 రూపాయలు, అంటే కిలో 49. మహారాష్ట్ర, మధ్యప్రదేశ్ మార్కెట్లలో చాలాచోట్ల రైతుకి అది కూడా దక్కలేదు. మన ఆదిలాబాద్, నిర్మల్, నిజామాబాద్, కామారెడ్డి వైపు వర్షాకాలంలో ఇంత సోయా పండుతుంటే, అది నూనె మిల్లుకి పోయి, నూనె తీయగా మిగిలిన చెక్క కోళ్ళ దాణాకి పోతుంటే, మనం మాత్రం అదే గింజ ప్రొటీన్‌ని ప్యాకెట్‌లో పాతిక రెట్లకి పైగా పెట్టి కొంటున్నాం. దీనిమీద నాకు నిజంగా కోపం ఉంది. పనీర్ చేసే డెయిరీలు ఊరూరా ఉన్నాయి కదా, టోఫు కోసం అంతకన్నా పెద్ద సరంజామా ఏమీ అక్కర్లేదు.

ఇంట్లో చెయ్యడం పనీర్ చెయ్యడం లాంటిదే, కాస్త చాకిరీ ఎక్కువ. పావుకిలో గింజలు రాత్రి నానబెట్టి, పొట్టు వదిలినంత వదిలించి, బాగా వేడిగా ఉన్న నీళ్ళతో రుబ్బాలి, చన్నీళ్ళతో రుబ్బితేనే ఆ పచ్చి వాసన ఎక్కువ పుడుతుంది. గుడ్డలో వడకట్టి ఆ పాలని అడుగంటకుండా పది, పదిహేను నిమిషాలు మరగనిచ్చి, దించి నిమ్మరసం నీళ్ళలో కలిపి పోస్తే విరుగుతుంది, బరువు పెట్టి నొక్కడమే. 300, 350 గ్రాముల దాకా వస్తుంది. నిమ్మరసంతో చేసింది షాపుదంత గట్టిగా ఉండదు, అక్కడ కాల్షియం సల్ఫేట్ లాంటివి వాడతారు, కానీ మనం రుబ్బేసేదే కాబట్టి గట్టిదనం అవసరం లేదు. గుడ్డలో మిగిలిన పిప్పిని పారెయ్యకండి. దాంట్లో పీచు బాగా ఉంటుంది, ప్రొటీన్ కూడా కొంత ఉంటుంది, బాణలిలో తడి ఆరేదాకా వేయించి ఓట్స్ బదులు బార్‌లో వేసేస్తే ఖర్చు ఇంకా తగ్గుతుంది. వారానికోసారి ఆదివారం కుదిరితేనే ఇది జరుగుతుంది, ఉద్యోగం చేస్తూ ప్రతిసారీ చెయ్యమని ఎవరికీ చెప్పలేను.

అసలు తియ్యగానే ఎందుకుండాలి

అతికించడానికి తీపి అక్కర్లేదని ఒకసారి అర్థమయ్యాక నాకు ఈ ప్రశ్న వచ్చింది. షుగర్ బోర్డర్‌లో ఉన్న మనిషికి 5 గ్రాములైనా రోజూ ఎందుకు పెట్టాలి? జపాన్‌లో 2020 చివర్లో అసాహికో అనే కంపెనీ సెవెన్ ఎలెవెన్ షాపుల్లో టోఫు బార్ అమ్మడం మొదలుపెట్టింది, గట్టిగా నొక్కిన టోఫుని కడ్డీలాగా చేసి వాళ్ళ సూప్ రుచి పట్టించినది, ఒక్కోదాంట్లో 10 గ్రాముల ప్రొటీన్. చల్లగా ఫ్రిజ్‌లోంచే అమ్ముతారు. అక్కడ కోకో లేదు, ఖర్జూరం లేదు. టోఫు తరతరాలుగా తినే దేశం వాళ్ళు బార్ చేసినప్పుడు ఉప్పు వైపే వెళ్ళారు. తీపి బార్ అనేది చాక్లెట్ బార్ నుంచి వచ్చిన అలవాటేమో అనిపిస్తుంది, మనం దాన్ని అలాగే పట్టుకున్నాం.

మన సాయంత్రం చిరుతిళ్ళు ఎక్కువ కారంవే కదా, చేగోడీలు, పకోడీలు, మరమరాల మిక్చర్. అందుకని ఇప్పుడు మా ఇంట్లో ఎక్కువగా చేసేది కారం బార్. 200 గ్రాముల టోఫు, పుట్నాల పిండి 80, ఓట్స్ 50, కొట్టిన పల్లీలు 60, నువ్వులు 30, అల్లం, పచ్చిమిర్చి, జీలకర్ర, సన్నగా తరిగిన కరివేపాకు, కొత్తిమీర, ఉప్పు, చెంచా నూనె. ఖర్జూరాల తడి ఉండదు కాబట్టి టోఫుని మరీ పిండెయ్యకుండా కొంచెం తడిగానే ఉంచాలి. ఎనిమిది ముక్కలు చేస్తే ఒక్కోదానికి ఎనిమిదిన్నర, తొమ్మిది గ్రాముల ప్రొటీన్, 160 కేలరీలు, బయట నుంచి వేసిన చక్కెర ఏమీ లేదు. ఓట్స్‌లో పిండి పదార్థం ఉంది, కాబట్టి షుగర్ ఉన్నవాళ్ళు ఇష్టమొచ్చినన్ని తినొచ్చని కాదు, ఒక ముక్క.

అమ్మకి తియ్యదానికన్నా ఇదే నచ్చింది, నువ్వులు ఇంకొంచెం వెయ్యమంది. తమ్ముడు తియ్యదే కావాలంటాడు, వాడికి షుగర్ లేదు, వ్యాయామం చేస్తాడు, వాడితో గొడవ పెట్టుకోవాల్సిన అవసరం నాకు కనిపించలేదు. ఇద్దరికీ ఒకే బార్ సరిపోతుందన్న ఆ మొదటి ఆలోచననే వదిలేశాం. కారం బార్ చేసేవాళ్ళకి ఒక్క మాట, కాలిన వెంటనే కోస్తే అంచులు విరిగిపోతాయి, గిన్నెలోనే పూర్తిగా చల్లారనిచ్చి, వీలైతే గంటసేపు ఫ్రిజ్‌లో పెట్టి, అప్పుడు పెద్ద కత్తితో ఒక్క వేటుకి కొయ్యండి.